పేస్‌మేకర్, రాడ్ ఉన్నవాళ్ళకి ఎమ్మారై: వేడి ఎక్కడ పుడుతుంది, ముందే ఏం అడగాలి

మీ ప్రశ్న క్లుప్తంగా ఇదీ. నాన్నగారికి 68 ఏళ్ళు. 2012లో పేస్‌మేకర్ పెట్టారు, 2022లో బ్యాటరీ మార్చారు, తొడ ఎముకలో రాడ్ కూడా ఉంది. ఇప్పుడు నడుము నొప్పి, కాలు తిమ్మిరి అంటే డాక్టరు లంబార్ స్పైన్ (నడుము దగ్గరి వెన్నెముక) ఎమ్మారై రాశారు. ఒక సెంటర్ వాళ్ళు చెయ్యం అన్నారు, ఇంకో సెంటర్ వాళ్ళు "ఇలాంటివి చాలా చేశాం, ఏం కాదు, రేపు రండి" అన్నారు. లోపలి లోహం వేడెక్కి కాలుతుందేమోనని మీ టెన్షన్.

నేను ఎమ్మారై గదిలో రోజూ పని చేసేవాణ్ణి. నా మాట ముందే చెప్పేస్తాను: పేస్‌మేకర్ ఉన్నవాళ్ళకి ఎమ్మారై చెయ్యొచ్చు, చాలాచోట్ల చేస్తున్నారు. కానీ ఆ రెండో సెంటర్‌కి మాత్రం రేపు వెళ్ళకండి. పేస్‌మేకర్ మోడల్ ఏది, లీడ్లు (దాన్నుంచి గుండెలోకి వెళ్ళే తీగలు) ఏవి, పేస్‌మేకర్‌తో ఇచ్చిన కార్డు ఉందా అని ఒక్క ప్రశ్న కూడా అడగకుండా రమ్మన్నారని మీరే రాశారు. అవి తెలియకుండా "ఏం కాదు" అని చెప్పడం ఎవరి వల్లా కాదు, నా వల్ల కూడా కాదు. ఎందుకో వివరంగా చెప్తాను, ఎందుకంటే ఈ వేడి ఎలా పుడుతుందో తెలిస్తే ఏం అడగాలో మీకే తెలుస్తుంది.

ఎమ్మారై యంత్రంలో ప్రమాదం మూడు రకాలు. ఒకటి, ఎప్పుడూ ఆన్‌లోనే ఉండే పెద్ద అయస్కాంతం. ఇనుమును లాక్కునేది ఇదే. 2018 జనవరిలో ముంబైలో ఆక్సిజన్ సిలిండర్ పట్టుకుని స్కాన్ గదిలోకి వెళ్ళిన ఒక యువకుడి ప్రాణం పోయింది దీనివల్లే. రెండోది గ్రేడియంట్లు, అంటే స్కాన్ చేసేటప్పుడు వేగంగా మారుతుండే చిన్న అయస్కాంత క్షేత్రాలు, టకటకమని ఆ భయంకరమైన చప్పుడు వాటిదే. పెద్ద లోహపు ముక్కల్ని, తుంటి కీలు లాంటివాటిని, ఇవి కూడా కొంత వేడెక్కించగలవు. మూడోది రేడియో తరంగాలు. చప్పుడు లేదు, కంటికి కనపడదు, మీరు భయపడుతున్న వేడి చాలావరకు దీని పనే. జనం మాత్రం మొదటిదాన్నీ మూడోదాన్నీ కలిపేస్తారు. "టైటానియం అండీ, అయస్కాంతం లాగదు, కాబట్టి ఏం కాదు" అన్న మాట పేషెంట్ల నోటే కాదు, కొంతమంది డాక్టర్ల నోట కూడా వింటుంటాను. లాగదు, నిజమే. కానీ టైటానియంలోంచి కరెంటు పారుతుంది. బంగారంలోంచీ పారుతుంది, రాగిలోంచీ పారుతుంది. రేడియో తరంగానికి కావలసింది అదే.

1.5 టెస్లా (టెస్లా అంటే అయస్కాంతం బలానికి కొలత) యంత్రంలో ఆ రేడియో ఫ్రీక్వెన్సీ దాదాపు 64 మెగాహెర్ట్జ్, 3 టెస్లాలో 128. మన ఎఫ్ఎం రేడియో 88 నుంచి 108 మధ్య ఉంటుంది, అంటే ఆ చుట్టుపక్కలే. గాలిలో 64 మెగాహెర్ట్జ్ తరంగం పొడవు నాలుగున్నర మీటర్లు దాటుతుంది, కానీ నీరు ఎక్కువగా ఉండే ఒంటి లోపల అది అర మీటరు దాకా కుంచించుకుపోతుంది. అందులో సగం, అంటే ఇంచుమించు 25 సెంటీమీటర్ల లోహపు తీగ ఒంట్లో ఉందంటే అది మంచి యాంటెన్నా అయి కూర్చుంటుంది. 3 టెస్లాలో అయితే 13 సెంటీమీటర్ల దగ్గరే ఆ పరిస్థితి వస్తుంది. తీగకి పైన ఇన్సులేషన్ ఉంటే ఈ పొడవులు మారిపోతాయి, తీగ ఒంట్లో వంపులు తిరిగిన తీరును బట్టి మళ్ళీ మారతాయి. అందుకే 3 టెస్లా అంటే ఎప్పుడూ ఎక్కువ ప్రమాదం, 1.5 అంటే తక్కువ అని గుడ్డిగా చెప్పలేం.

ఇప్పుడు పేస్‌మేకర్ చూడండి. ఛాతీ మీద చర్మం కింద ఉండే డబ్బా కాదు అసలు సమస్య. దాన్నుంచి గుండెలోకి వెళ్ళే లీడ్ ఉంది చూశారా, మామూలుగా 52 లేదా 58 సెంటీమీటర్ల పొడవు ఉంటుంది. పొడవునా ఇన్సులేషన్, చివర గుండె కండను తాకే చోట మాత్రం లోహం బయటికి ఉంటుంది. పొడవంతా పోగైన కరెంటు ఆ చిన్న కొస నుంచే కండలోకి దిగాలి. తోటకి నీళ్ళు పట్టే పైపు మూతిని వేలితో నొక్కితే నీళ్ళు ఎంత జోరుగా చిమ్ముతాయో, అలా అక్కడ కరెంటు ఒత్తుకుపోతుంది. లోహం ఎర్రగా కాలడం ఏమీ ఉండదు, ఆ కొస చుట్టూ కొన్ని మిల్లీమీటర్ల మేర కండ ఉడుకుతుంది. 1997లో ప్రచురించిన ఒక ప్రయోగంలో పాతకాలం లీడ్లను ఒంటికి బదులు వాడే నమూనాలో పెట్టి స్కాన్ చేస్తే, కొస దగ్గర ఉష్ణోగ్రత అత్యధికంగా 63.1 డిగ్రీల సెల్సియస్ పెరిగింది. అది అన్నిటికన్నా చెడ్డ సందర్భం, పైగా బతికున్న గుండెలో రక్తం పారుతూ వేడిని లాగేస్తుంటుంది, కాబట్టి మనిషిలో అంత పెరుగుతుందని కాదు. కానీ పెరగగలదని మాత్రం అప్పుడే తేలింది. అదే ప్రయోగంలో కొన్ని లీడ్లు అంతగా వేడెక్కలేదు కూడా. ఏది వేడెక్కుతుందో బయటి నుంచి చూసి చెప్పడం కుదరదు.

స్టెంట్ సంగతి వేరు. గుండె రక్తనాళంలో వేసే స్టెంట్ ఒకటి నుంచి నాలుగు సెంటీమీటర్లు, యాంటెన్నా కావడానికి ఆ పొడవు చాలదు, చుట్టూ రక్తం పారుతుంటుంది. స్టెంట్ వేసిన వెంటనే కూడా ఎమ్మారై చేస్తాం. పళ్ళలో ఫిల్లింగు, కాపర్ టీ, ఇవన్నీ జనం చాలా భయంగా అడుగుతారు, వేడి విషయంలో వీటికి అంత కంగారు అక్కర్లేదు, టెక్నీషియన్‌కి చెప్తే చాలు. భయపడాల్సింది పొడుగ్గా ఉండే తీగల గురించి, చుట్ట తిరిగి రెండు కొసలు కలిసే లోహం గురించి.

"ఇంతకుముందు చేశారు, ఏమీ కాలేదు" అన్న మాట గురించి ఇక్కడే చెప్పాలి. నాకు ఈ గదిలో అన్నిటికన్నా ఎక్కువ భయం కలిగించే మాట ఇది. పోయినసారి తల స్కాన్, ఈసారి నడుము. పోయినసారి వేరే యంత్రం. రేడియో తరంగాలు పంపే కాయిల్ అప్పుడు తల చుట్టూ మాత్రమే ఉందేమో, ఇప్పుడు యంత్రంలో ఇమిడి ఉన్న పెద్ద బాడీ కాయిల్ వాడతారు, మొండెం అంతా దాని పరిధిలోకి వస్తుంది. మనిషి పడుకున్న తీరు, లీడ్ తిరిగిన వంపు, వాడిన సీక్వెన్స్ (బొమ్మ తియ్యడానికి యంత్రం తరంగాలు పంపే ఒక్కో వరస), అన్నీ మారాయి. ఒకే మనిషికి ఒక స్కాన్‌లో ఏమీ కాకపోవడం ఇంకో స్కాన్‌కి ఏ హామీ ఇవ్వదు.

దీనికి చాలా బాధ కలిగించే ఉదాహరణ ఉంది. పార్కిన్సన్స్ జబ్బు ఉన్నవాళ్ళకి మెదడులోకి సన్నని తీగలు పంపి, ఛాతీ దగ్గరో పొట్ట దగ్గరో బ్యాటరీ పెడతారు, డీబీఎస్ అంటారు. అలాంటి ఒక పేషెంటుకి నడుము ఎమ్మారై 1.0 టెస్లా యంత్రంలో చేశారు. అప్పటి నిబంధనల ప్రకారం ఆ పరికరం ఉన్నవాళ్ళకి 1.5 టెస్లాలో, తల చుట్టూ మాత్రమే తరంగాలు పంపే కాయిల్‌తో, తల స్కాన్ మాత్రమే చెయ్యాలి. స్కాన్ చేసింది నడుముకి, దెబ్బ తగిలింది మెదడుకి. శాశ్వతంగా నరాల నష్టం మిగిలింది. ఆ కేసు 2005లో వైద్య పత్రికలో వచ్చింది, అదే ఏడాది అమెరికాలో మందుల్నీ వైద్య పరికరాల్నీ నియంత్రించే ఎఫ్‌డీఏ ఇలాంటి నరాల పరికరాల గురించి హెచ్చరిక జారీ చేసింది. 1.0 అంటే 1.5 కన్నా తక్కువేగా, ఇంకా మంచిదేగా అనిపిస్తుంది, నిజానికి కాదు, ఆ ఫ్రీక్వెన్సీలో ఆ తీగను ఎవరూ పరీక్షించలేదు. మన ఊళ్ళల్లో ఓపెన్ ఎమ్మారై అని 0.3, 0.4 టెస్లా యంత్రాలు ఉంటాయి, "ఇది చిన్న మెషిన్, దీంట్లో ఏం కాదు" అని ఎవరైనా అంటే ఈ కేసు గుర్తుంచుకోండి.

మెదడుకి నొప్పి తెలియదు, గుండె లోపల ఒక చిన్న చోట కాలినా చర్మం మీద కాలినట్టు తెలియదు. "వేడిగా ఉంటే చెప్తారులే" అనే ధీమా అందుకే పనికిరాదు.

ఇక లేబుళ్ళు. 2005 నుంచి మూడు గుర్తులు వాడుతున్నారు. ఆకుపచ్చ చతురస్రం అంటే ఏ ఎమ్మారైలోనైనా ప్రమాదం లేదు, అసలు లోహం లేని ప్లాస్టిక్ లాంటివి. ఎర్ర వలయంలో అడ్డగీత అంటే గదిలోకే రాకూడదు. పసుపు త్రికోణం ఎంఆర్ కండిషనల్, లోహపు ఇంప్లాంట్లలో ఎక్కువ భాగం ఇందులోకి వస్తాయి. చాలామంది ఈ పసుపు త్రికోణాన్ని "సేఫ్" అని చదువుతారు. షరతులు పాటిస్తేనే అని దాని అర్థం, ఆ షరతులు కంపెనీ మాన్యువల్‌లో ఉంటాయి: ఎన్ని టెస్లాలు, ఒంటిలో ఏ భాగం, ఏ కాయిల్, ఎంతసేపు, ఎంత రేడియో శక్తి. మొదటి ఎంఆర్ కండిషనల్ పేస్‌మేకర్‌కి ఎఫ్‌డీఏ అనుమతి వచ్చింది 2011లో. అది కూడా మొదట్లో ఛాతీ భాగాన్ని స్కాన్ మధ్యలో పెట్టకూడదనే షరతుతోనే వచ్చింది.

మీ నాన్నగారి విషయంలో నన్ను ఆపేది ఇక్కడే. పేస్‌మేకర్ ఎంఆర్ కండిషనల్ అనాలంటే డబ్బా, లీడ్లు రెండూ కలిపి ఆ జతగా పరీక్షించి ఉండాలి. 2022లో మార్చింది డబ్బా. అది కొత్తది, దాని కార్డు మీద ఎమ్మారై చెయ్యొచ్చని రాసి ఉండొచ్చు కూడా. లీడ్లు మాత్రం 2012వి, బ్యాటరీ మార్చేటప్పుడు పాత లీడ్లకే కొత్త డబ్బా తగిలిస్తారు. ఇంట్లోవాళ్ళు కొత్త కార్డు తెచ్చి చూపిస్తారు, రిసెప్షన్‌లో దాన్ని చూసి సరే అంటారు, లీడ్ ఊసే రాదు. ఇది నేను తరచూ చూసే పొరపాటు. 2012 నాటి కాగితాలు, డిశ్చార్జ్ సమ్మరీ, అందులో అతికించిన ఇంప్లాంట్ స్టిక్కర్లు వెతకండి. బీరువాలో లేకపోతే ఆపరేషన్ చేసిన ఆసుపత్రి రికార్డు సెక్షన్‌లో అడగండి. స్టిక్కర్ మీద లీడ్ మోడల్ నంబర్ ఉంటుంది, కంపెనీవాళ్ళకి ఆ నంబర్ ఇస్తే ఈ డబ్బాతో జత కుదురుతుందో లేదో చెప్తారు.

తర్వాత ఒక ఛాతీ ఎక్స్‌రే. ఎందుకంటే కొంతమందిలో పాత లీడ్ పాడైతే దాన్ని తియ్యకుండా లోపలే వదిలేసి కొత్తది వేస్తారు. ఎక్కడా తగిలించకుండా వదిలేసిన లీడ్ కొన్నిసార్లు డబ్బాకి తగిలించిన లీడ్ కన్నా ఎక్కువ వేడెక్కుతుంది. కాగితాల్లో లేనిది ఎక్స్‌రేలో దొరుకుతుంది.

జత కుదరలేదంటే దారి మూసుకుపోయినట్టు కాదు. 2017లో అమెరికాలో మాగ్నాసేఫ్ అనే రిజిస్ట్రీ ఫలితాలు వచ్చాయి. ఎంఆర్ కండిషనల్ కాని పేస్‌మేకర్లతో 1000, షాక్ ఇచ్చే ఐసీడీలతో 500, ఛాతీ తప్ప మిగతా భాగాల స్కాన్లు 1.5 టెస్లాలో చేశారు. లీడ్ చెడిపోవడం గానీ, స్కాన్ సమయంలో మరణం గానీ జరగలేదు. ఒక ఐసీడీని స్కాన్‌కి ముందు సరిగ్గా ప్రోగ్రామ్ చెయ్యకపోవడంతో దాన్ని మార్చాల్సి వచ్చింది. దీన్ని చూపించి "చూశారా, ఏం కాదు" అనేవాళ్ళున్నారు. అక్కడ ప్రతి పేషెంటుకీ ముందు పరికరాన్ని చెక్ చేశారు, సెట్టింగులు మార్చారు, పక్కన మనుషులు నిలబడి గుండెను కనిపెట్టుకున్నారు, తర్వాత మళ్ళీ చెక్ చేశారు, వదిలేసిన లీడ్లు ఉన్నవాళ్ళని తీసుకోలేదు. ఆ ఫలితాలు ఆ పద్ధతి వల్ల వచ్చాయి. ఆ పద్ధతి ఉన్న ఆసుపత్రిలో, కార్డియాలజిస్ట్ ఒప్పుకుంటే, నేను మా నాన్నకైనా చేయిస్తాను. పద్ధతి లేని సెంటర్‌లో మోడల్ కుదిరినా చేయించను.

రేడియో శక్తిని కొలిచే లెక్క ఎస్‌ఏఆర్, కిలో బరువుకి ఎన్ని వాట్లు అని. మామూలు మోడ్‌లో ఒళ్ళంతటికీ కలిపి కిలోకి 2 వాట్లు, ఆపై మోడ్‌లో 4 దాకా, తలకి 3.2 హద్దు. ఇంప్లాంటు ఉన్నవాళ్ళకి సాధారణంగా మామూలు మోడ్ దాటకూడదని రాసి ఉంటుంది, కొన్నిటికి ఇంకా తక్కువ. ఈ హద్దులు అసలు ఇంప్లాంటు లేని ఒంటి కోసం పెట్టినవని గుర్తుంచుకోవాలి. పైగా యంత్రం ఈ లెక్క వేసేది మేం టైప్ చేసే బరువును బట్టి. పేషెంటు 55 కిలోలుండి, తొందరలో ఎవరో 75 అని కొట్టారనుకోండి, యంత్రం ఆ 75 కిలోల మనిషికి సరిపడా శక్తిని అనుమతిస్తుంది. స్క్రీన్ మీద అంకె హద్దులోనే కనిపిస్తుంది, లోపల మనిషి మీద పడేది ఎక్కువ. చాలా సెంటర్లలో "బరువెంతమ్మా" అని నోటితో అడిగి కొట్టేస్తారు. మీరు మాత్రం తూకం మిషన్ ఎక్కించి చూసి రాయమని అడగండి, మొహమాటపడకండి. కొత్త పరికరాలకి బీవన్ ప్లస్ ఆర్‌ఎంఎస్ అనే కొలత ఇస్తున్నారు, అది నేరుగా రేడియో క్షేత్రాన్ని చెప్తుంది, బరువుతో పని లేదు, యంత్రం యంత్రానికీ మారదు. అది చూపించే మెషిన్ అయితే మంచిది.

నడుముకి తీసే టీ2 టర్బో స్పిన్ ఎకో సీక్వెన్స్ శక్తి బాగా తాగుతుంది. దాన్ని తగ్గించే మార్గాలు మాకు ఉన్నాయి, ఒక్కో రేడియో పల్సు జోరు (ఫ్లిప్ యాంగిల్) తగ్గిస్తాం, పల్సుల మధ్య విరామం పెంచుతాం, సీక్వెన్స్‌కి సీక్వెన్స్‌కి మధ్య ఆగుతాం. స్కాన్ కొంచెం ఎక్కువసేపు పడుతుంది, బొమ్మ కాస్త మోటుగా వస్తుంది. రోజుకి ఇన్ని స్కాన్లు అని పరుగులు తీసే చోట ఇవి చెయ్యడానికి తీరిక ఉండదు.

తొడ రాడ్ గురించి నాకు అంత బెంగ లేదు. ఎముక లోపల కూర్చున్న రాడ్లకి, ప్లేట్లకి, స్క్రూలకి సాధారణంగా 1.5 టెస్లా, మామూలు మోడ్ షరతుతో స్కాన్లు చేస్తూనే ఉన్నాం. పొడుగైన రాడ్ కొసల దగ్గర కొంత వేడి పుట్టే వీలుంది కాబట్టి కార్డు చూడాలి, కాలు వెచ్చగా అనిపిస్తే చెప్పమనాలి, అంతే. కాలు బయట ఇనుప చట్రంలా బిగించే ఫిక్సేటర్ అయితే మాత్రం వేరే కథ, ఎముకలోంచి బయటికి వచ్చి మళ్ళీ ఎముకలోకి పోయే చుట్ట అది, మోడల్ తెలియకుండా ముట్టుకోం.

నిజానికి ఎమ్మారైలో కాలిన గాయాలు ఎక్కువగా వచ్చేది లోపలి ఇంప్లాంట్ల వల్ల కాదు. ఒంటి మీద, ఒంటి పక్కన ఉన్నవాటితో. ఈసీజీ వైరు చుట్ట తిరిగి చర్మానికి ఆనుకుంటే కాలుతుంది. కాయిల్ కేబుల్ చెయ్యి మీదుగా పోతే కాలుతుంది. మందు పట్టీల్లో కొన్నిటికి వెనక సన్నని లోహపు పొర ఉంటుంది, 2009లో ఎఫ్‌డీఏ వాటి గురించి చెప్పింది. కోవిడ్ రోజుల్లో మాస్కు ముక్కు తీగ వల్ల ముఖం కాలిందని 2020 డిసెంబరులో మళ్ళీ హెచ్చరించింది. చెమట వాసన రాకుండా వెండి దారం కలిపిన జిమ్ బట్టలతోనూ కాలిన కేసులున్నాయి. మన జరీ అంచు కూడా లోహపు దారమే కావచ్చు, అందుకే ఆసుపత్రి గౌనే వేసుకోమంటాం.

అసలు లోహమే లేకుండా కూడా కాలుతుంది. తొడలు రెండూ చర్మానికి చర్మం ఆనుకుని ఉంటే, లేదా చేతులు రెండూ కలిపి పట్టుకుంటే, ఒంటిలోనే కరెంటు తిరిగే చుట్ట ఏర్పడుతుంది, చర్మం తాకే ఆ చిన్న చోట వేడి పుడుతుంది. మన పెద్దవాళ్ళు భయంతో పొట్ట మీద చేతులు జోడించి దేవుణ్ణి తలుచుకుంటూ పడుకుంటారు. నేను మెల్లగా చేతులు విడదీసి పక్కన పెట్టి, మధ్యలో మెత్తటి ప్యాడ్ పెడతాను, తొడల మధ్య మడిచిన నూలు దుప్పటి పెడతాను, మోచెయ్యి యంత్రం గోడకి తగలకుండా ఇంకో ప్యాడ్. నాన్నగారికి ముందే చెప్పి ఉంచండి, దండం లోపల మనసులో పెట్టుకోమని.

ఇంకొకటి, వెండి మొలతాడు. నడుము స్కాన్‌కి కాయిల్ సరిగ్గా మధ్యలో, నడుము చుట్టూ పూర్తిగా తిరిగిన లోహపు చుట్ట అది. అయినా చాలామంది పెద్దాయనలు చెప్పరు, అడిగితే "అది తియ్యకూడదు బాబూ" అంటారు. వాళ్ళ మనసు కష్టపెట్టక్కర్లేదు. ముందు మామూలు నల్ల నూలు తాడు కట్టి, ఆ తర్వాత వెండిది తీసేస్తే ఒప్పుకుంటారు. ఆడవాళ్ళ మంగళసూత్రానికి పసుపు తాడు, పసుపు కొమ్ముతో అదే పద్ధతి. రాగి తాయెత్తు, మెట్టెలు, ముక్కుపుడక, జాకెట్ పిన్నీసులు, ఇవన్నీ ఇంట్లోనే తీసేసి రండి, అక్కడ తియ్యడానికి రాక సబ్బు కోసం వెతుక్కునే పని ఉండదు.

లోపల ఒళ్ళంతా కొంచెం వెచ్చగా అనిపించడం మామూలే. ఒక్క చోట చురుక్కుమన్నా, మంటగా ఉన్నా వెంటనే చేతిలోని రబ్బరు బల్బు నొక్కమనండి. షుగర్ వల్ల పాదాలు మొద్దుబారినవాళ్ళకి, మత్తు ఇచ్చినవాళ్ళకి, కాళ్ళు చచ్చుబడినవాళ్ళకి ఆ చురుకు తెలియదు, నాన్నగారి కాలికి తిమ్మిరి ఉంది కాబట్టి టెక్నీషియన్‌కి అది విడిగా చెప్పండి.

ఇప్పుడు మీరు చెయ్యాల్సింది: కాగితాలు, ఎక్స్‌రే పట్టుకుని ముందు కార్డియాలజిస్ట్ దగ్గరికి వెళ్ళండి, స్కాన్ సెంటర్‌కి కాదు. లీడ్లు, డబ్బా జత కుదరకపోతే ఎమ్మారై రాసిన డాక్టరుతో సీటీ సరిపోతుందా అని అడగండి, నరం ఎక్కడ నొక్కుకుంటోందో చాలాసార్లు సీటీలోనూ తెలుస్తుంది. మూత్రం, విరేచనం మీద పట్టు తప్పినా, కాలు బలం తగ్గిపోతున్నా మాత్రం ఇవన్నీ చూసుకుంటూ ఇంట్లో కూర్చోకండి, అదే రోజు పెద్ద ఆసుపత్రికి తీసుకెళ్ళండి. ఎమ్మారై తప్పదంటే కార్డియాలజీ, రేడియాలజీ రెండూ ఉన్న చోటే చేయించండి. పేస్‌మేకర్ కంపెనీ మనిషి ప్రోగ్రామర్‌తో వచ్చి ఎమ్మారై మోడ్‌లో పెట్టాలి, ఆ అపాయింట్‌మెంట్ ముందే కుదుర్చుకోండి. స్కాన్ జరిగినంతసేపూ ఆక్సిజన్, గుండె చూసే మానిటర్ ఉండాలి, గది బయట డీఫిబ్రిలేటర్ (గుండె లయ తప్పితే షాక్ ఇచ్చే యంత్రం) ఉండాలి.

స్కాన్ అయ్యాక బయటికి వచ్చి బట్టలు మార్చుకుని వెళ్ళిపోయేవాళ్ళున్నారు. ఎమ్మారై మోడ్‌లో పేస్‌మేకర్ మనిషి గుండెను బట్టి మారకుండా పెట్టిన పద్ధతిలోనే సిగ్నళ్ళు ఇచ్చుకుంటూ పోతుంటుంది. ఆ మోడ్ తీసేసి పాత సెట్టింగులు పెట్టారా, లీడ్ రీడింగులు ముందున్నట్టే ఉన్నాయా అని అడిగి, ఆ ప్రింటవుట్ తీసుకున్నాకే నాన్నగారిని ఇంటికి తీసుకెళ్ళండి.